రెండేళ్ల మూడు నెలల బాబు, మాటలు చాలా తక్కువ. ఆగాలా, ఇప్పుడే చూపించాలా?

సిరిమువ్వ (ప్రశ్న)

అందరికీ నమస్కారం. మా బాబుకి రెండేళ్లు నిండి మూడు నెలలైంది. మాటలు చాలా తక్కువ. అమ్మ, నాన్న, తాత, ఇయ్యి, వద్దు, పో, లైట్, బాల్, బండికి "బూ", కుక్కకి "బౌ". ఇంకో ఐదారు ఉంటాయి, అవి నాకూ వాళ్ల నాన్నకీ మాత్రమే అర్థమవుతాయి. రెండు మాటలు కలిపి "బాల్ ఇయ్యి" అని ఇంతవరకూ అనలేదు.

మేం చెప్పింది మాత్రం బాగానే అర్థం చేసుకుంటాడు. "నీ చెప్పులు తీసుకురా" అంటే వెళ్లి తెస్తాడు. "బాల్ మంచం కిందకి వెళ్లింది చూడు" అంటే వంగి చూస్తాడు. ఏదైనా కావాలంటే నా చెయ్యి పట్టుకుని లాక్కెళ్తాడు, కొన్నిసార్లు వేలు పెట్టి చూపిస్తాడు. పేరు పెట్టి పిలిస్తే ఒక్కోసారి వెంటనే తిరుగుతాడు, ఒక్కోసారి అసలు వినపడనట్టే ఉంటాడు. ఆటలో మునిగిపోయాడులే అనుకుంటాం. జలుబు తరచూ చేస్తుంది. పుట్టినప్పుడు చేసిన వినికిడి పరీక్షలో ఏ తేడా లేదన్నారు.

మా ఆడపడుచు కూతురు వీడికంటే నెల చిన్నది. ఏ నుంచి జెడ్ దాకా చెబుతుంది, రంగుల పేర్లు చెబుతుంది. నలుగురూ కలిసినప్పుడు ఆ పాపతో అన్నీ చెప్పించి, తర్వాత మా వాడి వైపు తిరుగుతారు. వాడు నా వెనక్కి వచ్చి నక్కుతాడు. ఆ క్షణం నాకు ఏడుపొస్తుంది. మా అత్తయ్యేమో "వాళ్ల నాన్న కూడా మూడేళ్లకి గానీ నోరు విప్పలేదు, నువ్వు ఊరికే టెన్షన్ పడకు" అంటారు.

ఇద్దరం ఉద్యోగాలకి వెళ్తాం. పగలు డే కేర్‌లో ఉంటాడు. మేం తీసుకొచ్చేసరికి సాయంత్రం ఏడు. పడుకునేసరికి పదకొండవుతుంది, పొద్దున ఏడుకి లేపుతాం, డే కేర్‌లో మధ్యాహ్నం గంటన్నర పడుకుంటాడట. రాత్రి పూట ఫ్లాష్ కార్డులు చూపిస్తున్నాను, రైమ్స్ వీడియోలు పెడుతున్నాను. కార్డుల్లో ఏది అడిగినా సరిగ్గా వేలు పెడతాడు, నోటితో పలకడు. వీడియో వస్తుంటే మాత్రం రాగం తీస్తాడు.

డే కేర్‌లో ఏమన్నారంటే, ఇంట్లో తెలుగు, అక్కడ ఇంగ్లిష్ అయ్యేసరికి వీడు కన్ఫ్యూజ్ అవుతున్నాడు, ఇంట్లో తెలుగు ఆపేయండి అని. నా ఇంగ్లిష్ ఆఫీసు పనికి సరిపోతుంది గానీ, బిడ్డని ముద్దు చెయ్యడానికి రాదు.

ఇంకా ఎన్నాళ్లు ఆగొచ్చు? తెలుగు ఆపాలా? మాకున్న ఆ కాస్త సమయంలో వీడితో ఏం చేస్తే మంచిది? దయచేసి తెలిసినవాళ్లు చెప్పండి.


బడి_అమ్మమ్మ

తల్లీ, నువ్వు రాసినదాంట్లో నాకు మొదట కనపడింది మంచం కింద బాల్. ఆ వాక్యం అర్థం కావాలంటే మంచం ఏదో తెలియాలి, కింద అంటే ఎటో తెలియాలి, నువ్వు మాట్లాడుతున్నది తనతోనేనని తెలియాలి. లోపల అంత భాష పోగవుతున్న పిల్లవాడి గురించి మనం మాట్లాడుకుంటున్నాం. డాక్టరుకి చూపించాలా అంటే, చూపించమనే నా మాట. ఆ సంగతి చదువుకున్నవాళ్లు వివరంగా రాస్తారు. నేను మూడేళ్ల లోపు పిల్లల మధ్య ముప్పై ఏళ్లకు పైగా నేల మీద కూర్చుని పని చేసినదాన్ని. అందుకని నీ ఆఖరి ప్రశ్న నేను తీసుకుంటాను.

ముందు అక్షరాల సంగతి. ఆ పాప ఏ నుంచి జెడ్ దాకా చెబుతోందంటే సంతోషం, చక్కగా నేర్చుకుంది. కానీ రెండేళ్ల బిడ్డకి అక్షరంతో ఏ పనీ జరగదు. "ఇంకా", "రా", "నాది", "అయిపోయింది", "ఎత్తుకో" అన్న మాటలతో పనులు జరుగుతాయి. తను నోటితో ఒక శబ్దం చేస్తే ఎదుటి మనిషి లేచి వచ్చిందని తెలిసినప్పుడు పిల్లలకి మాట రుచి తెలుస్తుంది. కార్డు చూపించి "ఇదేంటి?" అని నువ్వు అడిగినప్పుడు, జవాబు నీకు ముందే తెలుసని వాడికీ తెలుసు. వేలు పెడితే సరిపోతున్నప్పుడు నోరెందుకు విప్పాలి?

వీడియోల గురించి ఒక్క ప్రయోగం చెబుతాను. 2003లో అమెరికాలో పట్రీషియా కూల్ అనే శాస్త్రవేత్త బృందం, ఇంగ్లిష్ మాత్రమే వింటూ పెరుగుతున్న తొమ్మిది నెలల పిల్లలకి చైనా వాళ్ల మాండరిన్ వినిపించింది. కొంతమందికి ఆ భాష మనుషులు ఎదురుగా కూర్చుని, బొమ్మలు ఆడిస్తూ, పుస్తకం చూపిస్తూ మాట్లాడారు. ఇంకొంతమందికి అవే మాటలు, అదే మనుషులు, తెర మీద. పన్నెండు సార్లు అలా వినిపించాక చూస్తే, మనిషి దగ్గర విన్న పిల్లలు మాండరిన్ ధ్వనుల్లో తేడాని గుర్తుపట్టారు. తెర మీద చూసిన పిల్లలు అసలు ఆ భాష విననివాళ్లతో సమానంగానే ఉన్నారు. తెర ఎంత బాగా పలికినా, వీడు కళ్లెత్తి చూస్తే తిరిగి చూడదు. వీడు "బూ" అంటే "అవును, పెద్ద బూ!" అనదు. పిల్లలకి కావాల్సింది ఆ తిరిగి రావడం.

మా బడికి ఒక బాబు వచ్చేవాడు. నీ బిడ్డ వయసే. ఎవరితోనూ పలకడు, పాటల దగ్గరికి రాడు. గోడ పక్కన కూర్చుని డబ్బా మూతలు దొర్లించుకుంటాడు, అంతే. నేను వాడి పక్కనే కూర్చుని ఇంకో మూత దొర్లించాను. ఏమీ అనలేదు. వాడు దొర్లిస్తే నేనూ, వాడు ఆపితే నేనూ. కొన్నాళ్లకి వాడు దొర్లించి నా వైపు చూడటం మొదలుపెట్టాడు. నీ వంతు అని ఆ చూపుకి అర్థం. అప్పుడు నేను మూత వదిలే ముందు "పో...యింది!" అనేదాన్ని. ఒకరోజు మూత చేతిలో పట్టుకుని వదలకుండా వాడి ముఖంలోకి చూస్తూ ఊరుకున్నాను. "పో" అన్నాడు. ఆ "పో" కోసం నేను వాణ్ణి ఏమీ అడగలేదు, వాడికి చోటు ఇచ్చానంతే.

ఇంటికి రాగానే మొదటి పావుగంట వాడికి ఇచ్చెయ్యి. ఫోన్ ఇంకో గదిలో పెట్టు, టీవీ ఆపు. వాడు కూర్చున్న చోటే నువ్వూ కూర్చో, నీ ముఖం వాడి ముఖానికి ఎదురుగా ఉండాలి. ఆట వాడు ఎంచుకుంటాడు. వాడు ఏం చూస్తున్నాడో నువ్వూ అదే చూసి, దాని గురించే చిన్న మాట అను. బండి తోస్తుంటే "బూ వెళ్తోంది". ఆగితే "ఆగింది". వాడు "బూ" అన్నాడనుకో, "బూ పోయింది" అని ఇంకొక్క మాట చేర్చు. "బూ కాదు, కారు అను" అని దిద్దకు. నువ్వు మళ్లీ మళ్లీ కారు అంటూ ఉంటే వాడే ఒకరోజు మారతాడు.

అన్నిటికంటే కష్టమైనది ఆగడం. మనం పెద్దవాళ్లం, నిశ్శబ్దాన్ని తట్టుకోలేం. ఒక మాట అని, వాడు పలకలేదని వెంటనే ఇంకోటి, ఇంకోటి. చిన్న పిల్లలకి విన్నది పట్టుకుని, మాట వెతుక్కుని, నోరు కుదుర్చుకోవడానికి మనకంటే చాలా ఎక్కువసేపు పడుతుంది. ఒక మాట అన్నాక మనసులో నెమ్మదిగా పది అంకెలు లెక్కపెట్టు. ముఖంలో ఎదురుచూపు ఉండాలి గానీ గద్దింపు ఉండకూడదు. ఆ పది లోపల వాడు శబ్దం చేసినా, చూసినా, చెయ్యి చాపినా అది వాడి జవాబే. దాన్ని అందుకో.

చొక్కా తొడిగేటప్పుడు రెండు పట్టుకుని "ఎర్రదా? నీలందా?" అని ఆగు. వాడికి ఇష్టమైన బొమ్మల్ని లోపలికి కనపడే డబ్బాలో పెట్టి మూత గట్టిగా బిగించు, నీ దగ్గరికి తెచ్చుకుంటాడు. "తియ్యి" అనడానికి అంతకంటే మంచి సందర్భం ఉండదు. స్నానం అప్పుడు, బట్టలు మడత పెట్టేటప్పుడు, మెట్లు ఎక్కేటప్పుడు మాటలు వాటంతట అవే వస్తాయి, వేరే సమయం అక్కర్లేదు. పుస్తకం చదివితే మొదటి నుంచి చివరి దాకా చదవాలని లేదు. వాడు ఏ బొమ్మ దగ్గర ఆగితే అక్కడే ఆగు. రోజూ అదే పుస్తకం తెస్తే రోజూ అదే చదువు. రెండేళ్ల పిల్లలు తర్వాత ఏం వస్తుందో తెలిసినప్పుడే ధైర్యంగా నోరు తెరుస్తారు.

రాగం తీస్తాడన్నావు కదా, అది మంచి ఆసరా. ఆ రైమ్ నువ్వే పాడు, నెమ్మదిగా, ముఖం చూస్తూ. లైను చివరి మాట దగ్గర ఆగిపో. ఆ మాట వాడిది.

ఇదంతా చిన్నాచితకా పనిలా అనిపిస్తుందేమో. 1980లలో జమైకాలో ఎదుగుదల ఆగిపోయిన పసిపిల్లల ఇళ్లకి ఆరోగ్య కార్యకర్తలు వారానికోసారి, గంటసేపు, రెండేళ్లపాటు వెళ్లారు. వాళ్లు చేసింది తల్లులకి బిడ్డతో ఎలా ఆడాలో, ఎలా మాట్లాడాలో చూపించడం, అది కూడా ఇంట్లో దొరికే వస్తువులతో చేసిన బొమ్మలతో. శాలీ గ్రాంథమ్ మెక్‌గ్రెగర్ అనే డాక్టరమ్మ మొదలుపెట్టిన పని. ఇరవై ఏళ్ల తర్వాత ఆ పిల్లల్ని వెతికి పట్టుకుని చూస్తే, అలాంటి ఇళ్లలోనే పుట్టి ఆ సాయం అందని పిల్లలకంటే వీళ్ల సంపాదన 25 శాతం ఎక్కువగా ఉంది. ఆటకి ఉన్న బలం అది. ఖరీదైన కిట్లు అమ్మేవాళ్లు ఈ సంగతి చెప్పరు.

ఇంకొక్కటి. నలుగురిలో వాడిచేత చెప్పించబోయినప్పుడు నువ్వు వాడి పక్షాన నిలబడాలి. "ఇప్పుడు వాడికి ఆడుకోవాలనుంది" అని ఎత్తుకుని పక్కకి రా. నీ వెనక్కి వచ్చి నక్కుతున్నాడంటే నిన్ను నమ్ముకున్నాడు.


వాన_నాన్న

సిరిమువ్వ గారూ, మీరు రాసిన రెండు విషయాలు చదవగానే ఆగిపోయాను. "తరచూ జలుబు", "ఒక్కోసారి వింటాడు, ఒక్కోసారి వినడు". మా పాపది అచ్చం ఇదే. అందుకే రాస్తున్నాను.

మా పాపకి అప్పుడు రెండున్నరేళ్లు. మాటలు వచ్చాయి గానీ మాట చివర మింగేసేది. వెనక నుంచి పిలిస్తే పలికేది కాదు, ముందుకొచ్చి మాట్లాడితే అన్నీ అర్థమయ్యేవి. ఎప్పుడూ చెవి నొప్పి అనలేదు, జ్వరం లేదు. పరీక్ష చేయిస్తే రెండు చెవుల్లోనూ కర్ణభేరి వెనక జిగటగా నీరు చేరి ఉందన్నారు. ముక్కు వెనక నుంచి చెవిలోకి వెళ్లే గొట్టం చిన్నపిల్లల్లో పొట్టిగా, దాదాపు అడ్డంగా ఉంటుందట. జలుబు చేసినప్పుడల్లా అది మూసుకుపోయి లోపల నీరు నిలుస్తుంది. నొప్పి ఉండదు కాబట్టి ఎవరికీ అనుమానం రాదు. నీరు ఒక వారం ఎక్కువ, ఒక వారం తక్కువ. కాబట్టి వినికిడి కూడా అంతే.

పుట్టినప్పుడు పరీక్షలో బాగుందంటే ఆ రోజుకి బాగుందని. తర్వాత వచ్చే నీటి గురించి అది చెప్పలేదు.

పరీక్షలో బాధ పెట్టేది ఏదీ లేదు. ఒకటి టింపనోమెట్రీ. చెవిలో మెత్తటి బిరడా లాంటిది పెట్టి గాలి ఒత్తిడి కొంచెం మారుస్తారు, కర్ణభేరి ఎలా కదులుతోందో గ్రాఫ్ వస్తుంది. మా పాపకి ఆ గీత కొండలా లేవకుండా బల్లపరుపుగా వచ్చింది. ఇంకోటి సౌండ్ ప్రూఫ్ గదిలో. పిల్ల ఒళ్లో కూర్చుంటుంది, ఒక పక్క నుంచి శబ్దం వస్తుంది, అటు తిరిగితే ఒక బొమ్మ వెలుగుతుంది. మా పాప ఆ బొమ్మ కోసం ఇంకా ఇంకా కావాలంది.

చాలామంది పిల్లల్లో మూడు నెలల్లో ఆ నీరు దానంతట అదే తగ్గిపోతుంది. అందుకే వెంటనే ఏమీ చెయ్యకుండా మూడు నెలల తర్వాత మళ్లీ చూస్తారు. తగ్గకుండా ఉండి, వినికిడి కూడా తగ్గితే కర్ణభేరిలో చిన్న గొట్టం వేసే ఆలోచన చేస్తారు. మా పాపకి తగ్గింది. ఆ మూడు నెలలూ మేం చేసింది ఒకటే, దగ్గరికి వెళ్లి, ముఖం కనపడేలా, టీవీ ఆపి మాట్లాడటం. ముందు చెవులు చూపించండి. మిగతా పనులన్నీ దాంతో పాటే చేసుకోవచ్చు.


తీరిక_వేళ

మరీ అంత కంగారు పడకండి సిస్టర్. మా వాడు మూడేళ్లు దాటాక మొదలుపెట్టాడు, ఇప్పుడు ఆపమన్నా ఆపడు. మగపిల్లలు కొంచెం లేటే. పోలికలు మానేసి ప్రశాంతంగా ఉండండి, అన్నీ వాటంతట అవే వస్తాయి.


పలుకు_మెట్లు

నేను స్పీచ్ థెరపిస్ట్‌ని. తీరిక_వేళ గారు చెప్పినట్టు ఆలస్యంగా మొదలుపెట్టి అందరినీ అందుకునే పిల్లలు చాలామంది ఉన్నారు, అది నిజం. అయితే రెండేళ్ల వయసులో ఏ బిడ్డ తనంతట తాను అందుకుంటుందో, ఏ బిడ్డకి సాయం కావాలో ముందుగా గట్టిగా చెప్పే మార్గం మాకు కూడా లేదు. మగపిల్లలు సగటున కొంచెం ఆలస్యమే, కానీ ఆ తేడా కొద్ది నెలలదే. కాబట్టి ఇప్పుడు చూపించి, అవసరం లేదనిపించుకుని రావడంలో నష్టమేమీ లేదు. ఏడాది ఆగితే మాత్రం మెదడు భాషని అతి తేలిగ్గా పట్టుకునే కాలంలోంచి ఏడాది పోతుంది. ఇది నేను గట్టిగా నమ్మే మాట.

అమెరికా ప్రభుత్వ ప్రజారోగ్య సంస్థ సీడీసీ 2022లో ఎదుగుదల మైలురాళ్ల జాబితాని సవరించింది. ఆ వయసుకి నూటికి 75 మంది, లేదా అంతకంటే ఎక్కువమంది పిల్లలు చేసే పనుల్నే అందులో పెట్టారు. రెండు మాటలు కలపడం రెండేళ్ల దగ్గర ఉంది. సుమారు 50 మాటలు రెండున్నరేళ్ల దగ్గర ఉంది. మీ బాబు మొదటిది ఇంకా చెయ్యలేదు, రెండోదానికి దూరంగా ఉన్నాడు. ఇది జబ్బు పేరు కాదు, పరీక్ష చేయించడానికి తగిన కారణం. ఏ వయసులోనైనా వచ్చిన మాటలు పోతే మాత్రం ఆ వారమే చూపించాలి.

తెలుగు ఆపకండి. రెండు భాషలు వినడం వల్ల పిల్లలకి మాట ఆలస్యమవుతుందనడానికి ఆధారం లేదు. రెండు భాషల బిడ్డకి మాటలు లెక్కపెట్టేటప్పుడు రెండిట్లోవీ కలిపి లెక్కపెడతాం. మీ బాబు "లైట్" అన్నా "బాల్" అన్నా "ఇయ్యి" అన్నా అన్నీ వాడి ఖాతాలోవే. ముద్దు చెయ్యడానికి రాదన్నారే, ఆ ఒక్క వాక్యంలోనే జవాబుంది. తల్లి తనకి పూర్తిగా వచ్చిన భాషలో మాట్లాడితే వాక్యాలు పొడవుగా, రకరకాలుగా, ప్రాణంతో ఉంటాయి. తడుముకునే భాషలో "కమ్", "సిట్", "నో" దగ్గర ఆగిపోతాయి. ఇంగ్లిష్ డే కేర్‌లో ఎలాగూ వింటున్నాడు.

నన్ను ఆలోచింపజేసింది ఇంకోటి ఉంది. చెయ్యి పట్టుకుని లాక్కెళ్తాడు అన్నారు, వేలు కూడా పెడతాడు అన్నారు. ఆ వేలు ఎందుకు పెడతాడో చూడండి. కావాల్సినది ఇమ్మని చూపించడం ఒకటి. ఆకాశంలో విమానం చూసి, వేలు పెట్టి, మీరు కూడా చూశారా అని మీ ముఖంలోకి తిరగడం ఇంకోటి. రెండోది నాకు చాలా ముఖ్యం, అది తన సంతోషాన్ని ఇంకో మనిషితో పంచుకోవడం. అలాగే "చెప్పులు తీసుకురా" అన్నప్పుడు మీ చెయ్యి గానీ చూపు గానీ చెప్పుల వైపు ఉంటోందా? ఈసారి చేతులు కట్టుకుని, వాడి ముఖమే చూస్తూ చెప్పి చూడండి.

పిల్లల డాక్టర్ దగ్గర ఎం-చాట్ అనే ప్రశ్నల పత్రం ఉంటుంది. 16 నుంచి 30 నెలల పిల్లలకి, తల్లిదండ్రులు అవును కాదు అని నింపే ఇరవై ప్రశ్నలు. ఆటిజం ఉందేమో మరింత లోతుగా చూడాలా వద్దా అన్నది దాంతో తేలుతుంది, ఉందని అది నిర్ధారించదు. మీ బాబు ఆ వయసులోనే ఉన్నాడు కాబట్టి అడిగి నింపండి. వాన_నాన్న గారు చెప్పిన వినికిడి పరీక్ష వీటన్నిటికంటే ముందు. మాట ఆలస్యమని నా దగ్గరికి ఏ బిడ్డ వచ్చినా నేను మొదట పంపించేది అక్కడికే.

నిద్ర కూడా చూడండి. మీరు రాసిన లెక్క ప్రకారం రాత్రి ఎనిమిది గంటలు, మధ్యాహ్నం గంటన్నర. ప్రపంచ ఆరోగ్య సంస్థ 2019లో ఇచ్చిన సూచనల్లో ఈ వయసుకి, పగటి నిద్రతో కలిపి, 11 నుంచి 14 గంటలు ఉంది. నిద్ర చాలని బిడ్డకి చికాకు ఎక్కువ, కొత్తది పట్టుకునే ఓపిక తక్కువ. అదే సూచనల్లో రెండేళ్ల బిడ్డకి తెర గంటకి మించొద్దు, ఎంత తక్కువైతే అంత మంచిది అని ఉంది. రాత్రి వీడియోల సమయం తీసేస్తే నిద్రకి కావాల్సిన గంటన్నర అక్కడే దొరుకుతుంది.


సిరిమువ్వ

అందరికీ ఎలా థ్యాంక్స్ చెప్పాలో తెలియడం లేదు. మా అత్తయ్య, మా ఆయన కూడా కూర్చుని అన్నీ చదివారు. "వినికిడి పరీక్షే కదా, చేయించేస్తే పోలా" అని అత్తయ్యే అన్నారు. అపాయింట్‌మెంట్ తీసుకున్నాం, వచ్చే వారం.

చేతులు కట్టుకుని చెప్పి చూశాను. చెప్పులు తెచ్చాడు. కానీ "దువ్వెన తీసుకురా" అంటే నా ముఖం చూస్తూ నిలబడ్డాడు. దువ్వెన వైపు చూశాక తెచ్చాడు. ఇన్నాళ్లూ అన్నీ అర్థమవుతున్నాయనే అనుకున్నాను. విమానం విషయంలో మాత్రం, వేలు పెట్టి ప్రతిసారీ నా ముఖంలోకి చూస్తాడు, నేను చూసేదాకా నా గడ్డం పట్టుకుని తిప్పుతాడు.

వెనక నుంచి ప్లాస్టిక్ కవర్ గలగలలాడించాం, వెంటనే తిరిగాడు. దీన్నిబట్టి చెవులు బాగానే ఉన్నట్టా?

బడి_అమ్మమ్మ గారూ, మీరు చెప్పినట్టు ఆగడం మొదలుపెట్టాను. నిజంగానే చాలా కష్టం. కానీ రైమ్ చివర ఆగితే "ఆ" అని ఆ మాట చోట శబ్దం చేస్తున్నాడు. మా అమ్మానాన్నలు దూరంగా ఉంటారు, వీడియో కాల్‌లోనే చూస్తారు. అది కూడా స్క్రీనే కదా, ఆపాలా?


వాన_నాన్న

కవర్ శబ్దాన్ని బట్టి తేల్చుకోకండి. మా పాప కూడా దానికి తిరిగేది. మాటలో కొన్ని ధ్వనులు చాలా మెల్లగా ఉంటాయి, అవే జారిపోతాయి. పైగా కవర్ తెచ్చినప్పుడు మన నీడ కదులుతుంది, వాళ్లు అది కూడా పట్టేస్తారు. పరీక్ష రోజుకి జలుబు ఉన్నా మానకండి, ఉందని చెప్పండి చాలు.


బడి_అమ్మమ్మ

ఆ "ఆ" మాటే తల్లీ. దాన్ని మాటగానే అందుకుని, నవ్వి, తర్వాతి లైను పాడు.

అమ్మమ్మా తాతయ్యలతో కాల్ ఆపొద్దు. అందులో అవతల మనిషి వీడికి జవాబిస్తుంది కదా, అదే తేడా. కానీ వాళ్లని కూడా "ఇది ఏంటి, చెప్పు చెప్పు" అని అడగొద్దని మెల్లగా చెప్పు. తాతయ్య టోపీ ముఖం మీద పెట్టుకుని దాక్కోవాలి, తీసి "బూచి" అనాలి. పక్కన నువ్వు కూర్చుని వీడు చేసిన శబ్దాన్ని వాళ్లకి అందించాలి. వీడికి విసుగొచ్చి వెళ్లిపోతే వెళ్లనివ్వండి.


పలుకు_మెట్లు

గడ్డం పట్టుకుని తిప్పుతాడన్న సంగతి చదివి నాకు చాలా సంతోషమైంది. పరీక్ష చేసేవాళ్లకి ఇది తప్పకుండా చెప్పండి. దువ్వెన సంగతి కూడా చెప్పండి, అది కూడా అంతే ముఖ్యం. అర్థం చేసుకోవడంలోనే కొంత సాయం కావాలా, లేక వినపడక అలా ఉందా అన్నది తేలాలి.

వెళ్లే ముందు వాడు అనే మాటలన్నీ ఒక కాగితం మీద రాసుకోండి, మీకు మాత్రమే అర్థమయ్యేవి కూడా, పక్కన వాడు ఏ అర్థంలో అంటాడో రాయండి. కొత్త చోట పిల్లలు నోరు విప్పరు, కాబట్టి ఇంట్లో ఆడుకుంటున్నప్పుడు రెండు మూడు నిమిషాల వీడియో తీసి ఉంచండి. కెమెరా ఉందని తెలియకుండా పక్క నుంచి తీయండి, మాట్లాడమని అడగొద్దు. అపాయింట్‌మెంట్ మధ్యాహ్నం నిద్ర సమయంలో పడితే పొద్దుటికి మార్చమని అడగండి. నిద్ర మత్తులో ఉన్న బిడ్డ ఏ శబ్దానికి తిరిగాడో ఏ శబ్దానికి తిరగలేదో చెప్పడం ఎవరి వల్లా కాదు. రిపోర్ట్ వచ్చాక ఇక్కడ రాయండి. చెవుల్లో ఏమున్నా, ఏమీ లేకపోయినా, తర్వాత స్పీచ్ థెరపిస్ట్‌ని కలవడం మాత్రం వాయిదా వెయ్యకండి. ఎదురుచూసే వాళ్లు ఎక్కువ ఉంటే అపాయింట్‌మెంట్ ఇవాళే అడిగి పెట్టుకోండి.